గోడ మీది రాతలు – కెమేరా : ఒక పరిశీలన

గోడ మీద రాత అనగానే మనలో చాలామందికి ముందుగా గుర్తుకొచ్చేది "ఇచ్చట నోటీసులు అంటింపరాదు" అనే హెచ్చరిక. రాయొద్దని చెప్పడానికి కూడా గోడ మీద రాయక తప్పదు మరి! ఆ హెచ్చరిక మీదనే ట్యూషన్ కాగితమో, సినిమా వాల్‌పోస్టరో అంటించి వుండటం కూడా మనకు కొత్త కాదు. అయితే గోడ మీద రాయడం తప్పా ఒప్పా అనే చర్చలోకి నేను వెళ్ళడం లేదు. దానికి చట్టం వుంది; ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1997లోనే అనుమతి లేని ప్రకటనలతో బహిరంగ స్థలాలను పాడుచెయ్యకూడదని ఒక శాసనం చేశారు. నా ఆసక్తి వేరే సంగతి మీద. గోడరాత నాలుగు రోజులుండి పోయేది. రాసినవాడే మళ్ళీ వచ్చి చూస్తే అక్కడ వుండదు. ఫొటో తీసినవాడు ఎంత తీస్తే అంతే లోకానికి మిగులుతుంది. ఫ్రేములోకి రానిది, పక్కన రాసి పెట్టుకోనిది పోయినట్టే. అటువంటప్పుడు ఆ ఫొటో ఎలా తియ్యాలి, దానితోపాటు ఇంకేం రాసి పెట్టుకోవాలి అన్నది అల్లాటప్పా ప్రశ్న కాదు.

ఈ రాతల్ని ప్రపంచమంతటా 'గ్రాఫిటీ' అంటున్నారు. ఇటాలియన్ మాట, గీకడం అనే అర్థంలోంచి వచ్చింది. క్రీ.శ. 79లో వెసూవియస్ అగ్నిపర్వతం బూడిద కింద పడిపోయిన పాంపే నగరం గోడల మీద ఇటువంటి రాతలు వేలకొద్దీ దొరికాయి. ఎన్నికల్లో ఫలానావాడికి ఓటెయ్యండి అనే రాతలూ వాటిలో వున్నాయి. (మన యూనియన్ అభ్యర్థులు గర్వపడవచ్చు, వారిది చాలా ప్రాచీన వృత్తి.) పాంపే విషయంలో మనం నేర్చుకోవలసింది ఒకటుంది. బూడిద తవ్వి తీసిన తర్వాత ఎండకీ వానకీ ఆ గోడల గార చాలాచోట్ల రాలిపోయింది. 1871లో పండితులు వాటిని లాటిన్ శాసనాల సంపుటంగా అచ్చువేశారు. అందులోని రాతలు చాలావాటికి ఈనాడు గోడ లేదు, ఆ పుస్తకంలోని నకలు మాత్రమే వుంది. నకలు రాసుకున్న మనిషి ఒక అక్షరం వదిలేస్తే ఇక ఆ అక్షరం లేనట్టే.

కెమేరాతో ఈ పని శ్రద్ధగా చేసిన మొదటివారిలో పారిస్‌లో స్థిరపడిన బ్రసాయ్ ఒకరు. 1930ల మొదట్లో పారిస్ పేటల్లో తిరుగుతూ, గోడల మీద చాకుతో, మేకుతో గీకిన ముఖాలు, హృదయాలు, పుర్రెలు ఫొటోలు తీశాడు. 1933లో వాటిని 'మినోటోర్' అనే కళాపత్రికలో వేశారు. 1956లో న్యూయార్క్ మ్యూజియం ఆఫ్ మోడరన్ ఆర్ట్‌లో ప్రదర్శన పెట్టారు. 1960లో జర్మన్‌లోనూ, ఆ మరుసటి ఏడు ఫ్రెంచిలోనూ పుస్తకం వచ్చింది. అంటే దాదాపు ముప్ఫై ఏళ్ళ పని. ఆ ఫొటోలకంటె నాకు ఎక్కువ నచ్చింది ఆయన జేబులో పెట్టుకు తిరిగిన చిన్న నోటుబుక్కుల సంగతి. ఏ వీధిలో ఏ గోడ మీద ఏ బొమ్మ వుందో చిన్న స్కెచ్ గీసి, అడ్రసు రాసుకునేవాడు. కొన్నేళ్ళ తర్వాత మళ్ళీ ఆ గోడ దగ్గరికి వెళ్ళి, గీత లోతెక్కిందా, పక్కన ఇంకెవరైనా మరో గీత కలిపారా అని చూసేవాడు. గోడ బొమ్మకు కూడా బాల్యం, ముసలితనం వుంటాయని అలా తేలింది. నోటుబుక్కే లేకపోతే ఇవి కొన్ని అందమైన ఫొటోలు మాత్రమే అయ్యుండేవి.

బ్రసాయ్ పని నుంచి ఒక సాంకేతిక విషయం కూడా గ్రహించాలి. గీకిన రాతకి వెలుతురు పక్కనుంచి పడాలి. పొద్దున గాని సాయంత్రం గాని ఎండ గోడను రాసుకుంటూ పోయే వేళ తీస్తే గీత లోతు నీడగా కనిపిస్తుంది. నడిమధ్యాహ్నం ఎదురెండలో తీస్తే ఉత్త గోడే వస్తుంది. రంగుతో రాసినదానికి ఇది వర్తించదు. దానికి మబ్బు పట్టిన రోజే మంచిది.

ఇక న్యూయార్క్. 1971 జులై 21న న్యూయార్క్ టైమ్స్ పత్రిక 'టాకీ 183' అనే పేరు గురించి ఒక వార్త వేసింది. 183వ వీధిలో వుండే ఒక కుర్రాడు, కవర్లు అందించే ఉద్యోగం చేస్తూ, వెళ్ళిన ప్రతిచోటా తన ముద్దుపేరూ వీధి నంబరూ రాసేవాడు. ఆ వార్త తర్వాత అటువంటి పేర్లు వందలు పుట్టాయి. అవి త్వరలోనే గోడల మీదినుంచి సబ్‌వే రైలుపెట్టెల మీదికి ఎక్కాయి. కారణం సులువుగానే తెలుస్తుంది: గోడ ఒకేచోట వుంటుంది, రైలు వూరంతా తిరుగుతుంది. బ్రాంక్స్‌లో రాత్రి వేసిన పేరు పొద్దున్నకి బ్రూక్లిన్‌లో కనిపిస్తుంది. 1974లో జాన్ నార్ అనే ఫొటోగ్రాఫర్ తీసిన రంగు ఫొటోలకు నార్మన్ మెయిలర్ వ్యాసం జోడించి ఒక పుస్తకం వేశారు. ఈ విషయం మీద వచ్చిన తొలి పెద్ద పుస్తకం అదే.

కాని రైలుని ఫొటో తియ్యడం గోడను తియ్యడంలాంటిది కాదు. అక్కడి చిన్నరకం పెట్టె పొడవే 51 అడుగులు. బండి స్టేషనులో ఆగేది ఏ అర నిమిషమో. ఎదుటి ప్లాట్‌ఫారం నుంచి వైడ్ యాంగిల్ లెన్సుతో ఒక్కసారే తీస్తే మధ్య భాగం ఉబ్బి, చివరలు కుంచించుకు పోతాయి. అక్షరాల కొలతలన్నీ తప్పుతాయి. హెన్రీ చాల్ఫంట్ అనే శిల్పి 1970ల రెండో భాగంలో దీనికో ఉపాయం కనిపెట్టాడు. పొద్దుటి వెలుతురులో, భూమికి ఎత్తున కట్టిన స్టేషన్లలో ఎదుటి ప్లాట్‌ఫారం మీద నిలబడి వుండేవాడు. బండి రాగానే పెట్టెకి సరిగ్గా ఎదురుగా ఒక ఫొటో తీసి, నాలుగడుగులు పక్కకు జరిగి మరొకటి, మళ్ళీ జరిగి మరొకటి. మోటారుతో ఫిల్ము తిరిగే కెమేరా కాబట్టి ఆ కాస్త వ్యవధిలోనే నాలుగైదు వచ్చేవి. తర్వాత ప్రింట్లను కోసి, అంచుకి అంచు కలిపి అంటిస్తే పెట్టె మొత్తం ఒక పొడుగాటి పటంగా, ఎక్కడా వంకర లేకుండా తయారయ్యేది. వందల పెట్టెల్ని అలా తీశాడు. పాతకాలపు శాసన పరిశోధకులు తడికాగితం అద్ది శిలాశాసనం అచ్చు తీసేవారు చూశారా, ఇది అటువంటి పనే. కుర్రవాళ్ళకి ఆయన మీద నమ్మకం కుదిరాక, రాత్రి తాము వేసిన పెట్టె ఏ లైను మీద తిరుగుతోందో వాళ్ళే పొద్దున్నే ఫోను చేసి చెప్పేవారట. ఎందుకంటే రాసినవాళ్ళకి కూడా తమ పని నిలిచేది ఆ ఫొటోలోనే అని తెలుసు. రైల్వేవారు మందునీళ్ళతో కడిగేవాళ్ళు, లేదా వేరే కుర్రాడు దాని మీదే తన పేరు వేసేవాడు.

మార్తా కూపర్ పద్ధతి పూర్తిగా వేరు. ఆమె 1977 నుంచి న్యూయార్క్ పోస్ట్ పత్రికలో ఫొటోగ్రాఫరు. ఖాళీస్థలాల్లో ఆడుకునే పిల్లల్ని తీస్తూ వుండగా ఒక పిల్లవాడు తన నోటుబుక్కు చూపించాడు. అందులో వున్నవి వాడు గోడల మీద వేసే పేరుకి ముసాయిదాలు. వాడే ఆమెను ఈ విద్యలో ఆరితేరిన డాండీ అనే యువకుడి దగ్గరికి తీసుకువెళ్ళాడు. కూపర్ 1980లో ఆ ఉద్యోగం వదిలి ఈ పనిలోనే పడింది. ఆమె రైలుని పెట్టెగా తియ్యదు. కూలిపోయిన బ్రాంక్స్ ఇళ్ళు, మొండిగోడలు, ఆకాశం, వాటి మధ్యనుంచి రంగులు చిమ్ముతూ పోయే బండి అన్నీ ఒకే ఫొటోలో రావాలి. దానికోసం గంటల తరబడి నిలబడేది. రాత్రి రైల్వే యార్డులో డాండీ రెండు పెట్టెల మధ్య కాళ్ళు చాపి, చెరో పెట్టె మీద చెరో కాలూ ఆనించి, చేతిలో రంగుడబ్బాతో నిలబడ్డ ఫొటో ఆమెదే. పక్కనే 600 వోల్టుల కరెంటు పట్టా వుంటుంది. పెయింటు వెనుక ప్రాణాపాయం వుందని ఆ ఫొటో చూస్తే తెలుస్తుంది. చాల్ఫంట్ అంటించిన పటంలో అది తెలియదు.

మరి ఎవరిది సరైన పద్ధతి? నన్నడిగితే ఒకటి లేకపోతే రెండోది కుంటిదే అంటాను. చాల్ఫంట్ పటం లేకపోతే అక్షరం ఎలా మెలికలు తిరిగిందో, ఏ రంగు మీద ఏ రంగు వేశారో అధ్యయనం చెయ్యలేం. కూపర్ ఫొటో లేకపోతే అది ఎవరి అక్షరమో, ఏ వాడలోంచి వచ్చిందో తెలియదు. వాళ్ళిద్దరూ మొదట్లో పోటీదారులుగా వుండి తర్వాత కలిసి పుస్తకం తేవడంలో అంతరార్థం ఇదే అనుకుంటాను. ఆ పుస్తకం పేరు 'సబ్‌వే ఆర్ట్'. అమెరికాలో ప్రచురణకర్తలు ముందుకు రాకపోతే లండనులోని థేమ్స్ అండ్ హడ్సన్ వారు 1984లో వేశారు. పుస్తకాల షాపుల్లోంచి ఎక్కువగా దొంగతనానికి గురైన పుస్తకాల్లో ఒకటని దానికి పేరు. విషయానికి తగ్గ పేరే! న్యూయార్క్ రైల్వేవారు అదే ఏడాది నుంచి కడిగిన పెట్టెల మీద మళ్ళీ రాత పడితే దాన్ని తుడిచేదాకా యార్డు దాటనివ్వకూడదని నియమం పెట్టుకుని, 1989 మే 12 నాటికి రాతలున్న చివరి బండిని కూడా తప్పించారు. అంటే రైళ్ళ మీద రాతలు పోయాయి, పుస్తకంలో వున్నాయి. ఆ పుస్తకం చూసి యూరపు కుర్రవాళ్ళు నేర్చుకున్నారు. 1985లోనే మ్యూనిక్ దగ్గర గెల్టెన్‌డోర్ఫ్‌లో ఒక రైలు బండిని పొడుగునా రంగులతో నింపేశారు. చరిత్ర రాద్దామని తీసిన ఫొటోలు మరోచోట విత్తనాలయ్యాయి.

కీత్ హేరింగ్ సంగతి మన క్లాసురూములకు దగ్గరగా వుంటుంది. 1980 నుంచి 1985 దాకా సబ్‌వే స్టేషన్లలో, ప్రకటన గడువు తీరిన బోర్డుల మీద అంటించిన నల్ల కాగితంపై ఆయన తెల్ల చాక్‌పీసుతో బొమ్మలు గీసేవాడు. అలాంటివి వేలు. రేపు దాని మీద కొత్త ప్రకటన పడుతుంది. ఏ స్టేషనులో గీశాడో సెంగ్ క్వాంగ్ చీ అనే మిత్రుడికి చెప్పేవాడు, ఆయన వెళ్ళి ఫొటో తీసేవాడు. తర్వాత తర్వాత జనం ఆ కాగితాలు చింపుకుపోయి అమ్ముకోవడం మొదలుపెట్టాక హేరింగ్ ఆ పని మానేశాడు. చాక్‌పీసు బొమ్మకి సెంగ్ కెమేరా తప్ప వేరే దిక్కు లేదు.

సినిమా దగ్గరికి వస్తే, నేను చూసిన వాటిలో మూడింటిని చెప్పాలి. మాన్‌ఫ్రెడ్ కిర్చ్‌హైమర్ తీసిన 'స్టేషన్స్ ఆఫ్ ది ఎలివేటెడ్' 1981 నాటిది, 45 నిమిషాలు. వ్యాఖ్యానం ఒక్క ముక్క లేదు. రైళ్ళు, రోడ్డు పక్క పెద్ద పెద్ద ప్రకటన బోర్డులు, వెనకాల చార్లెస్ మింగస్ జాజ్ సంగీతం. డబ్బిచ్చి వేసిన బోర్డుకీ, డబ్బివ్వకుండా వేసిన పేరుకీ తేడా ఏమిటో నువ్వే ఆలోచించుకో అన్నట్టు పక్కపక్కన చూపిస్తాడు. చార్లీ ఆహెర్న్ 'వైల్డ్ స్టైల్' 1983 నాటిది. కథాచిత్రమే గాని నటించినవాళ్ళు నిజంగా రాసేవాళ్ళే. మూడోది టోనీ సిల్వర్, చాల్ఫంట్ కలిసి తీసిన 'స్టైల్ వార్స్', అదీ 1983లోదే. విద్యార్థులు ఒక్కటే చూడగలిగితే దీన్ని చూడమంటాను. ఎందుకంటే ఇందులో రాసేవాళ్ళని పొగిడి ఊరుకోలేదు. మేయరు ఎడ్ కాచ్ వున్నాడు, పోలీసు డిటెక్టివు వున్నాడు, విసుక్కునే ప్రయాణీకులున్నారు. ఇంట్లో కొడుకు పక్కనే కూచుని, వాడు చేసే పని అర్థం కాక వాదించే తల్లి వుంది. ఆవిడ మాటలు వింటే మన ఇళ్ళలో అమ్మలే గుర్తొస్తారు. క్యాప్ అనే మరో కుర్రాడు అందరి పెద్ద బొమ్మల మీదా తన పేరు నిర్దయగా వేసుకుంటూ పోతాడు. వాడి మాటా విన్నారు. ఈ గొడవ ఏ స్టిల్ ఫొటోలోనూ పట్టదు. ఫొటోలో ఒక రాత మీద మరో రాత కనిపిస్తుంది అంతే. అది పగా, తెలియనితనమా, హాస్యమా అన్నది మనిషి నోట వింటేగాని తేలదు.

ఇంతవరకూ కెమేరాని మెచ్చుకున్నాం. కాని ఫొటో సాక్ష్యం కూడా. అది ఎవరి చేతిలో పడుతుందో తీసినవాడికి తెలియదు. 1983 సెప్టెంబరులో మైకేల్ స్టూవర్ట్ అనే 25 ఏళ్ళ నల్లజాతి యువకుణ్ణి సబ్‌వే స్టేషనులో రాస్తున్నాడని పోలీసులు పట్టుకున్నారు. వాళ్ళ చేతిలో వుండగానే స్పృహ తప్పిన అతను 13 రోజుల తర్వాత ఆసుపత్రిలో చనిపోయాడు. 1985లో జ్యూరీ ఆ పోలీసుల్ని నిర్దోషులంది. బాస్కియా అనే చిత్రకారుడు ఆ మరణం మీద హేరింగ్ స్టూడియో గోడపై ఒక బొమ్మ వేశాడు. హేరింగ్ ఆ గోడ ముక్కనే కోసి దాచుకున్నాడు. ఒక రాతకి ఆ ఖరీదు చెల్లించవలసి వచ్చిన వూళ్ళో, ముఖం కనిపించే ఫొటో తియ్యడం, తియ్యకపోవడం అన్నది రుచికి సంబంధించిన ప్రశ్న కాదు.

దీనికి రెండో వైపూ వుంది. న్యూయార్క్ క్వీన్స్‌లో 'ఫైవ్ పాయింట్జ్' అనే పాత ఫ్యాక్టరీ భవనం మీద యజమాని అనుమతితోనే ఏళ్ళ తరబడి కళాకారులు బొమ్మలు వేశారు. 2013 నవంబరులో ఒక రాత్రి యజమాని వాటన్నిటికీ తెల్లరంగు పూయించేశాడు. 21 మంది కళాకారులు కోర్టుకెళ్ళారు. 45 బొమ్మలకు ఒక్కోదానికి లక్షా యాభైవేల డాలర్ల చొప్పున, మొత్తం 67 లక్షల 50 వేల డాలర్లు ఇమ్మని 2018లో తీర్పు వచ్చింది. 2020లో అప్పీలు కోర్టు దాన్ని ఖాయం చేసింది. తెల్లరంగు కింద వున్న బొమ్మ ఎలాంటిదో కోర్టుకి చూపించింది ఏమిటి? ఫొటోల దస్త్రాలే. ఒకచోట జైలుకి దారితీసే ఫొటో ఇంకోచోట న్యాయం ఇప్పిస్తుంది. అందుకని మనిషి ముఖం తీసేముందు అతన్ని అడిగి తియ్యాలి, వద్దంటే చేతుల వరకే తియ్యాలి. గోడను మాత్రం ఎవర్నీ అడగకుండా, ఏదీ వదలకుండా తియ్యాలి.

మన దగ్గర ఇదంతా ఎందుకంటారా? హైదరాబాదు మక్తాలో 2016లో కళాకారులు ఇళ్ళ గోడల మీద వేసిన పెద్ద బొమ్మల్ని జనం సెల్‌ఫోనుతో బాగానే తీసుకున్నారు. నాకు బెంగ వాటి గురించి కాదు. పార్టీ రాతలు, సంఘాల నినాదాలు, బొగ్గుతో గీసిన మూడు క్రికెట్ వికెట్లు, కింద మూలన చిన్న అక్షరాల్లో 'ఫలానా ఆర్ట్స్' అని పెయింటరు పెట్టుకున్న సంతకం, వీటిని ఎవరూ తియ్యరు. తీసినా నినాదం వరకే కత్తిరించి తీస్తారు, సంతకం పోతుంది. ఫ్లెక్సీలు వచ్చాక ఆ చేతి అక్షరాలు రాసేవాళ్ళు తగ్గిపోయారు. మా హాస్టలు వెనుక ప్రహరీ గోడ మీద రాసిన ఒక పెయింటరుతో మాట్లాడాను. ముందు సున్నం ఒక పూత, ఆరాక రంగుపొడి అద్దిన దారాన్ని ఇద్దరు చెరోకొసా పట్టుకుని బిగలాగి వదిలితే గీత పడుతుంది, రెండు గీతల మధ్య అక్షరం. తలకట్టు ముందా, ఒంపు ముందా అంటే నవ్వి, "చెయ్యి ఎటు పోతే అటేనండీ" అన్నాడు. నిజానికి చెయ్యి అటూ ఇటూ పోవటం లేదు. ప్రతి 'క' అచ్చు గుద్దినట్టుంది.

ఆ గోడను మా ఫొటోగ్రఫీ క్లబ్బు తరఫున ఎనిమిది నెలలుగా నెలకోసారి తీస్తున్నాం. వేపచెట్టు మొదలునుంచి పదమూడు అడుగులు లెక్కపెట్టి నిలబడతాం, ఎప్పుడూ అక్కడే. కెమేరా గోడకి సమాంతరంగా, గోడ సగం ఎత్తున వుండాలి. చాల్ఫంట్‌లాగా పక్కకి జరుగుతూ ఆరు ఫొటోలు. తర్వాత వెనక్కి వచ్చి రోడ్డు, చెట్టు, పార్కు చేసిన సైకిళ్ళు అన్నీ కలిపి ఒకటి. తర్వాత సంతకాలూ, పెచ్చు లేచినచోట్లూ దగ్గరగా. వీడియో అయితే కెమేరాని అటూ ఇటూ తిప్పకుండా పది సెకన్లయినా స్థిరంగా పట్టుకోవాలి, అక్కడి చప్పుడు కూడా రికార్డవ్వాలి. ఎవరైనా పక్కన నిలబడి గోడ గురించి మాట్లాడితే అదృష్టమే. వాట్సాప్‌లో పంపుకున్న ఫొటో అసలు ఫొటో కాదు. సైజు తగ్గిపోతుంది, తీసిన తేదీ, వేళ చెరిగిపోతాయి. అసలు ఫైలే దాచాలి.

మొదటి నెలలో ఒక కోచింగ్ సెంటరు ప్రకటన వుండేది. మూడో నెలకి దాని మీద సున్నం, సున్నం మీద ఒక విద్యార్థి సంఘం పేరు, దాని పక్కనే దాన్ని వెక్కిరిస్తూ బొగ్గుతో ఒక మాట. అయిదో నెల వానలకి పెచ్చులూడి, లోపలినుంచి జేగురు రంగులో మరో పాత నినాదం సగం బయటపడింది. "…లకు న్యాయం చెయ్యాలి" అని వుంది. ఎవరికో తెలియదు. ముందుమాట మీద ఇంకా సున్నం వుంది. వాచ్‌మన్ తాతనడిగితే తను వచ్చేసరికే వుండేదన్నాడు. పాత విద్యార్థులెవరికైనా ఆ వాక్యం మొదలు గుర్తుంటే చెప్పగలరు. స్నాతకోత్సవానికి ముందు ప్రహరీకి మళ్ళీ సున్నం వేస్తారు కాబట్టి కాస్త త్వరగా చెప్పాలి. తేదీ, వేళ, తీసినవారి పేరు, ఆ రోజు విన్న మాటలు రాసే రిజిస్టరు లైబ్రరీలో పత్రికల బీరువా పక్కన వుంది. కుడివైపు పేజీలు ఫొటోల నంబర్లకి. ఎడమవైపు పేజీలు, గోడ గురించి ఏదైనా తెలిసినవారు ఎవరైనా సరే రాయడానికి ఖాళీగా వదిలాం.